తెకెలియా పుటలు

2023 ఫిబ్రవరి 16, బుడాపెస్ట్

1826లో సరిగ్గా ఈ తేదీన, ఈ ఊళ్లోనే, ఏడుగురు సెర్బులు కూర్చుని ‘మాతిత్సా స్ర్ప్‌స్కా’ అనే సంస్థ పెట్టారు. ఏడుగురిలో యోవాన్ హజిచ్ రచయిత. తక్కినవాళ్లు వ్యాపారస్తులు. నోవీ సాద్‌లో గియోర్గియే మగరాషెవిచ్ అనే పంతులు ‘లెతోపిస్’ పేరుతో ఒక పత్రిక మొదలుపెట్టి, డబ్బు చాలక ఇక ఆపేయాల్సిన స్థితికి వస్తే, దాన్ని నిలబెట్టడానికి వీళ్లు తలా ఇంత వేసుకున్నారు. ఆ పత్రిక ఇప్పటికీ వస్తోంది.

మనవడు అడిగాడు: “తాతయ్యా, సెర్బులు తమ దేశంలో పెట్టుకోకుండా ఇక్కడెందుకు పెట్టారు?” మంచి ప్రశ్న. 1826లో బెల్‌గ్రేడ్ కోటలో ఇంకా తురుష్క సైన్యమే ఉంది. సెర్బుల లిపిలో పుస్తకం అచ్చు వేయాలంటే చాలావరకు బూదా (ఇప్పటి బుడాపెస్ట్‌లో ఒక భాగం, పెష్ట్ ఇంకొకటి) విశ్వవిద్యాలయ ముద్రణాలయమే దిక్కు. చదువున్న సెర్బులూ డబ్బున్న సెర్బులూ ఎక్కువమంది డాన్యూబ్‌కు ఈవల, హాబ్స్‌బర్గ్ చక్రవర్తి ఏలుబడిలో ఉన్నారు. 1690లో పాట్రియార్క్ ఆర్సెనియే చార్నోయేవిచ్ వెంట వేల కుటుంబాలు తురుష్కులకు తప్పుకుని ఉత్తరానికి వలస వచ్చాయి. మీ మతం మీది, మీ పీఠం మీది అని లియోపోల్డ్ చక్రవర్తి వాళ్లకు పత్రాలు రాసిచ్చాడు. ఆ తరవాత నూట యాభై ఏళ్ల పాటు ఇక్కడి సెర్బుల రాజకీయమంతా ఆ పత్రాల చుట్టూ తిరిగింది.

నేను రాయాలనుకున్నది ఆ ఏడుగురి గురించి కాదు. పన్నెండేళ్ల తరవాత ఆ సంస్థకు జీవితకాల అధ్యక్షుడైన ఒక ముసలి దొర గురించి. పేరు సావా తెకెలియా. ఊరు అరాద్. అది అప్పట్లో హంగరీలో ఉండేది, ఇప్పుడు రొమేనియాలో ఉంది. మా అమ్మాయి యూనివర్సిటీ లైబ్రరీ నుంచి తెచ్చిపెట్టిన పుస్తకాల్లో ఈయన పేరు పదే పదే కనబడుతోంది. ప్రతిసారీ వేరే సందర్భంలో, వేరే వేషంలో. ఇన్ని వేషాలూ ఒకే మనిషివేనా అని తేల్చుకోవాలని ఉంది.

ఫిబ్రవరి 20

తెకెలియాలది కత్తి పట్టిన ఇల్లు. వంశానికి పేరు తెచ్చినవాడు యోవాన్ పొపోవిచ్ తెకెలియా. 1697లో సెంతా దగ్గర ఆస్ట్రియా సేనాని యూజీన్ తురుష్కులను చావుదెబ్బ కొట్టిన యుద్ధంలో ఆ సేనకు దారి చూపినవాడని చెబుతారు. 1706లో చక్రవర్తి ఆయనకు దొరతనం ఇచ్చాడు. అరాద్‌లో ఆయన కట్టించిన పీటర్-పాల్ చర్చి ఇంకా నిలిచి ఉంది.

మూరెష్ నది పొడుగునా ఈ సెర్బు సిపాయిలను సరిహద్దు కాపలాగా కూర్చోబెట్టారు. పన్నులు లేవు, పైన దొర లేడు. పిలిస్తే గుర్రమెక్కి రావాలి, అంతే. ఇచ్చిన భూమి దున్నుకుంటూ బతికారు. తురుష్కుల సరిహద్దు దక్షిణానికి జరిగిపోయాక ఇక్కడ కాపలా అవసరం లేకపోయింది. పద్దెనిమిదో శతాబ్దం మధ్యకల్లా ఆ సరిహద్దు సైన్యాన్ని రద్దు చేసి భూముల్ని హంగరీ జిల్లాల్లో కలిపేశారు. కత్తి పట్టినవాడు ఇక హంగరీ దొర పొలంలో వెట్టి చేయాలి. అది ఒప్పుకోని వేలమంది 1751 నుంచి రష్యాకు వెళ్లిపోయారు. రష్యా రాణి వాళ్లకు ఇప్పటి ఉక్రెయిన్‌లో భూములిచ్చింది. ‘కొత్త సెర్బియా’ అని ఆ ప్రాంతానికి పేరు కూడా పెట్టారు. తెకెలియాల్లో ప్యోతర్ అనే ఆయన అంతకు ముందే, 1748లోనే, రష్యా కొలువులో చేరాడు.

మిగిలిన తెకెలియాలు అరాద్‌లోనే ఉండిపోయారు. కెవెర్‌మెష్, వీజెష్ గ్రామాలు వాళ్ల జమీ అయ్యాయి. సావా 1761లో పుట్టాడు. సగం జనం వలసపోయిన చోట పెరిగిన పిల్లవాడు. ఊళ్లు ఖాళీ అవడం పెద్దల మాటల్లో వింటూ పెరిగినవాడికి ‘ఒక జాతి ఎలా నిలబడుతుంది’ అన్న ప్రశ్న పుస్తకాల్లోంచి రాదు.

చదువు న్యాయశాస్త్రం. 1786లో పెష్ట్‌లో డాక్టరేటు పుచ్చుకున్నాడు. సెర్బుల్లో న్యాయశాస్త్రంలో డాక్టరైన మొదటివాడు ఆయనే. తాతలు కత్తితో సంపాదించినదాన్ని ఈయన చట్టంతో కాపాడుకోవాలనుకున్నాడు. అప్పటి హంగరీలో చట్టం లాటిన్‌లో ఉండేది, కోర్టు లాటిన్‌లో నడిచేది. సెర్బు రైతుకు తన మీద ఏం రాశారో చదివి చెప్పే మనిషి కావాలి.

ఫిబ్రవరి 25

ఇవాళంతా తెమిష్వార్ సభ. (తిమిషోవారా అని ఇప్పటి పేరు.)

1790 ఫిబ్రవరిలో జోసెఫ్ చక్రవర్తి చనిపోయాడు. హంగరీ ప్రభువర్గం అప్పటికే తిరగబడే ఊపులో ఉంది. తరవాత వచ్చిన తమ్ముడు లియోపోల్డ్ తెలివైనవాడు. హంగరీ దొరలకు ముకుతాడు వేయడానికి సెర్బులను దువ్వాడు, వాళ్ల జాతీయ సభకు అనుమతిచ్చాడు. సెప్టెంబరులో తెమిష్వార్‌లో బిషప్పులు, సైనికాధికారులు, పట్టణ వర్తకులు, దొరలు అందరూ చేరారు. తమ చర్చికి పెద్ద అయిన మెట్రోపాలిటన్ పదవికి స్తెఫాన్ స్త్రతిమిరోవిచ్‌ను ఎన్నుకున్నారు. అసలు గొడవ ఆ తరవాత వచ్చింది. బనాత్ ప్రాంతాన్ని విడదీసి సెర్బులకు ప్రత్యేక ప్రాంతంగా ఇమ్మని చక్రవర్తిని అడగాలా వద్దా?

సభ మొత్తం అడగాలనే అంది. సైనికాధికారులైతే మరీ గట్టిగా పట్టుబట్టారు. ఇరవై తొమ్మిదేళ్ల తెకెలియా లేచి వద్దన్నాడు.

ఆయన వాదం సారాంశం నాకు అర్థమైనంత మేరకు ఇది. చక్రవర్తి ఇచ్చిన పత్రం చక్రవర్తి ఇష్టం ఉన్నన్నాళ్లే. ఒక రాజు ఇస్తాడు, మరో రాజు లాక్కుంటాడు. నూరేళ్లుగా మనకు జరిగింది అదే. అదే హక్కును హంగరీ శాసనసభ చట్టంగా రాస్తే రాజు కూడా దాన్ని దాటలేడు. మనం హంగేరియన్ల మధ్య, రొమేనియన్ల మధ్య, జర్మన్ల మధ్య చెదిరి ఉన్నాం. వియన్నా చేతిలో కర్రగా మారి మన పొరుగువాళ్ల వీపుల మీద పడితే, రేపు వియన్నా ఆ కర్రను పారేసిన రోజున మన గతేమిటి? ఈ దేశపు పౌరులుగా, అందరితో సమంగా, చట్టం లోపలికి వెళ్దాం.

సభలో ఆయన మాట చెల్లలేదు. ప్రాంతం కావాలనే తీర్మానించారు. లియోపోల్డ్ ప్రాంతం ఇవ్వలేదు. 1791లో వియన్నాలో సెర్బుల వ్యవహారాలకని ఇలీరియన్ కార్యాలయం ఒకటి తెరిచాడు. ఆయన 1792లో చనిపోగానే దాన్ని మూసేశారు. ఒక్క రాజు ఆయుష్షు కూడా దాటలేదు ఆ వరం. హంగరీ శాసనసభ మాత్రం 1790-91 సమావేశాల్లో 27వ చట్టం చేసింది. ఆర్థడాక్స్ మతస్తులు ఆస్తి కొనుక్కోవచ్చు, ఉద్యోగాలు చేయవచ్చు, ఈ దేశపు పౌరులే అని. సభలో ఓడిన దారి చట్టంలోకి ఎక్కింది.

మా అమ్మాయి ఈ కథంతా విని, “నాన్నా, అయితే ఆయనే కరెక్టా?” అంది. తొందరపడి అవునని రాయలేకపోతున్నాను.

ఫిబ్రవరి 26

రాత్రి నిద్ర పట్టకపోవడానికి కారణం అమ్మాయి ప్రశ్న.

తెకెలియాకు హంగరీ చట్టం అంటే ఏమిటి? జిల్లా సభ. అందులో దొరతనం ఉన్నవాడే కూర్చుంటాడు, మాట్లాడతాడు, ఓటు వేస్తాడు. తెకెలియాకు అక్కడ కుర్చీ ఉంది. ఎదురుగా కూర్చున్న సైనికాధికారికీ, వాడి వెనకాల ఊళ్లో ఉన్న సిపాయికీ ఆ కుర్చీ లేదు. వాడికి హంగరీ జిల్లా అంటే వెట్టి. బనాత్‌ను 1778-79లో హంగరీ జిల్లాల్లో కలిపినప్పుడు వాడు చూసింది కూడా అదే. ఏలికగా చక్రవర్తి ఒక్కడే ఉంటే దూరాన ఉంటాడు. దొర అయితే ఊళ్లోనే ఉంటాడు. ప్రత్యేక ప్రాంతం అడగడంలో సిపాయికి జాతి గర్వం ఎంత ఉందో, తన పొలం మీద భయం అంతకన్నా ఎక్కువ ఉంది.

కాబట్టి 27వ చట్టం వల్ల నిజంగా లాభపడింది ఎవరు? ఆస్తి కొనగలిగిన వర్తకుడు, ఉద్యోగం చేయగలిగిన చదువరి, తెకెలియాలాంటి దొర. వెట్టి రైతు సెర్బయినా రొమేనియన్ అయినా 1848 దాకా వెట్టి రైతే. చట్టం లోపలికి వెళ్దాం అన్నవాడు ఆ చట్టంలో ఎవరికి చోటుందో కూడా చెప్పాలి. తెకెలియా చెప్పలేదు. రాజు మాట కన్నా శాసనం గట్టిదన్న ఆయన సూత్రం సరైనదే. ఆ శాసనం చేసేవాళ్లలో రైతు లేడన్నది ఆయన కంటికి ఆనలేదు. ఆయన కూర్చున్న చోటు నుంచి అది కనబడదు.

మార్చి 4

చదవడం తేలికైన భాగం ఇది. రష్యా ప్రయాణం.

1787లో బంధువు ప్యోతర్ తెకెలియాను చూడడానికి సావా రష్యా వెళ్లాడు. ప్యోతర్ అప్పటికి రష్యా సైన్యంలో పెద్ద జనరల్. 1775లో కేథరిన్ రాణి ఆజ్ఞ మీద జపరోజియా కసాకుల కోటను చుట్టుముట్టి, దాన్ని లేకుండా చేసినవాడు ఈయనే. ఉక్రెయిన్ జనం ఆ పేరును ఇప్పటికీ మంచిగా తలుచుకోరు. సావాకు రష్యాలో కొలువు దొరకడం కష్టమేమీ కాదు. ఉండిపోలేదు. 1788లో తిరిగి వచ్చేశాడు. రెండేళ్లకు తెమిష్వార్‌లో ఆయన మాట్లాడినదానికి ఈ ప్రయాణానికి సంబంధం ఉందనే నా నమ్మకం. అరాద్ నుంచి వెళ్లిన సెర్బుల పిల్లలు రష్యా సైన్యంలో కలిసిపోయి ఏమయ్యారో కళ్లారా చూసి వచ్చాడు. ఉన్నచోటే నిలదొక్కుకోవాలన్న పట్టుదల దానివల్లే గట్టిపడి ఉంటుంది.

తరవాత కొన్నాళ్లు ఉద్యోగం: చనాద్ జిల్లాలో ఉప నోటరీ, ఆ పైన వియన్నాలో హంగరీ రాజ కార్యాలయం. 1795 నుంచి 1797 దాకా వియన్నాలో ఆయన రాసుకున్న డైరీ దొరికింది, అచ్చయింది. ఆ 1795 మామూలు సంవత్సరం కాదు. ఫ్రెంచి విప్లవ భావాలు ప్రచారం చేసిన ఇగ్నాత్స్ మార్తినోవిచ్‌కూ అతని అనుచరులకూ మే నెలలో బూదాలో తలలు నరికారు. చదువుకున్నవాడు నలుగురిలో నోరు విప్పడానికి వెనకాడే కాలం. అటువంటప్పుడు ఒక గుమాస్తా దొర రాత్రిపూట కూర్చుని రాసుకున్న కాగితాలవి. ముసలితనంలో స్వీయచరిత్ర కూడా రాశాడు. అది ఆయన చనిపోయిన చాలా ఏళ్లకు లెతోపిస్‌లో వచ్చింది. సెర్బు గద్యంలో ఈ స్వీయచరిత్రకు మంచి స్థానముంది.

1798లో ఉద్యోగం మానేసి అరాద్ వచ్చేశాడు. అప్పటికి ముప్పై ఏడేళ్లు.

మార్చి 9

1804 ఫిబ్రవరిలో సెర్బియాలో తిరుగుబాటు లేచింది. పందుల వ్యాపారి కరాజార్జే నాయకుడు. అదే సంవత్సరం తెకెలియా నెపోలియన్‌కు ఒక విజ్ఞాపన రాశాడు.

చట్టం గీత దాటడనుకున్న మనిషి! ఆస్ట్రియా ప్రజ, ఆస్ట్రియా శత్రువుకు రాశాడు. బాల్కన్‌లోని దక్షిణ స్లావులందరినీ కలిపి ‘ఇలీరియా’ అనే ఒక రాజ్యం చెయ్యి, అది ఇటు ఆస్ట్రియాకూ అటు రష్యాకూ అడ్డుగోడగా నిలుస్తుంది, ఫ్రాన్సుకు మేలు అన్నాడు. మరుసటి ఏడు వియన్నాలో ఫ్రాన్సిస్ చక్రవర్తికి ఇంకో విజ్ఞాపన: తిరగబడ్డ సెర్బులకు నువ్వు సాయం చెయ్యి, లేకపోతే వాళ్లు రష్యా చేతుల్లోకి వెళ్లిపోతారు అని. ఇద్దరు చక్రవర్తుల దగ్గరా తలొక మాట. ఎవరి లాభం వాళ్లకు చూపించి, రెండింటి చివరా కోరింది ఒకటే: తురుష్క ఏలుబడి కింద ఉన్న స్లావులకు ఒక రాజ్యం.

దీనికీ తెమిష్వార్ మాటకూ పొంతన లేదని ఒక పుస్తకంలో రాశారు. నాకు అలా తోచలేదు. హంగరీలో సెర్బులు అనేక జాతుల్లో ఒకరు. అక్కడ ప్రాంతం అడగడం పొరుగువాడితో తగువు. సెర్బియాలో వాళ్లే జనం, అక్కడ రాజ్యం సహజం. చోటును బట్టి మందు మార్చాడు. దొంగచాటు రాజకీయం అనడానికి లేదు.

ఇద్దరూ ఆయన కోరింది చేయలేదు. 1809లో నెపోలియన్ ‘ఇలీరియన్ ప్రావిన్సులు’ అని ఒకటి ఏర్పరిచిన మాట నిజం. అది ఇంగ్లీషు సరుకు రాకుండా అడ్రియాటిక్ తీరం మూయడానికీ ఆస్ట్రియాకు సముద్రం లేకుండా చేయడానికీ. దాని రాజధాని ల్యుబ్ల్యానా. తిరుగుబాటు జరుగుతున్న సెర్బియాకు చాలా దూరం. అయిదేళ్లు నిలవలేదు.

తెకెలియా చేసిన మరో పని నాకు ఈ విజ్ఞాపనలకన్నా విలువగా తోస్తోంది. 1805లో వియన్నాలో సొంత ఖర్చుతో ఒక పటం అచ్చు వేయించాడు. సెర్బియా, బోస్నియా, దుబ్రోవ్నిక్, మాంటెనెగ్రో, చుట్టుపక్కల ప్రాంతాలు. పేర్లన్నీ సెర్బు భాషలో. ప్రతులు తిరుగుబాటుదారులకు పంపాడు. యుద్ధం చేస్తున్న రైతుకు తన దేశం ఎంత మేర ఉందో కాగితం మీద చూపించిన మొదటి మనిషి ఈయనే అయ్యుంటాడు. చక్రవర్తులకు రాసిన కాగితాలు దఫ్తరాల్లో పడుకున్నాయి. ఈ కాగితం గుర్రపు జీనులో మడిచిపెట్టుకుని తిరగడానికి పనికొచ్చింది.

మార్చి 13

1838లో ఇదే రోజు డాన్యూబ్ పొంగి పెష్ట్ మునిగింది. మంచు గడ్డలు కట్టలు తెంచుకుని ఊరి మీద పడ్డాయి. నూట యాభై మందికి పైగా చనిపోయారు. రెండు వేలకు పైగా ఇళ్లు కూలిపోయాయి. పాత పేటలో ఇప్పటికీ గోడల మీద నీటిమట్టం గుర్తులు చూపిస్తారు. ఆ ఏడే ఆగస్టులో తెకెలియా ఇదే పెష్ట్‌లో తన ధర్మసంస్థ పత్రం రాశాడు. కూలిన ఊళ్లో ఒక ఇల్లు తీసుకుని, అది బీద సెర్బు విద్యార్థులకు అన్నాడు.

అంతకు ముందు జరిగింది చెప్పుకోవాలి. మాతిత్సా స్ర్ప్‌స్కా పని 1835లో ఆగిపోయింది. అధికారులు దాన్ని అనుమానంగా చూశారు. తిరిగి తెరిపించడానికి దాని కార్యదర్శి తెవొదోర్ పావ్లోవిచ్ పడని పాట్లు లేవు. బనాత్ పల్లెటూరి నుంచి వచ్చిన యువకుడు, వకీలు, పత్రికా సంపాదకుడు. హంగరీ ప్రభువర్గంలో మాట చెల్లే సెర్బు దొర ఒకరు ముందు నిలబడితే తప్ప సంస్థ బతకదని ఆయనకు తెలుసు. తెకెలియా డెబ్భై దాటిన వయసులో ముందుకు వచ్చాడు. 1838లో మాతిత్సాకు జీవితకాల అధ్యక్షుడయ్యాడు. డబ్బు ఇచ్చాడు, తన పుస్తకాలు రాసిచ్చాడు.

వారసుడు లేడు. ఆస్తిని ఒక చర్చికి రాసిచ్చి ఉండవచ్చు. పెద్దవాళ్లు అందరూ చేసేది అదే. ఈయన ‘తెకెలియానుమ్’ పెట్టాడు. విశ్వవిద్యాలయంలో చదవడానికి పెష్ట్ వచ్చే సెర్బు కుర్రాళ్లకు బస, తిండి, ఖర్చులు. న్యాయం, వైద్యం, ఇంజనీరింగు. ఏ ప్రాంతపు సెర్బు అయినా రావచ్చు. నిర్వహణ మాతిత్సా చేతిలో. తన ఇంటిపేరు వాళ్ల చేతిలో పెట్టకపోవడం ఆయన చేసిన పనులన్నిట్లోకీ తెలివైనది. కుటుంబం చేతిలో పడ్డ ధర్మసంస్థలు మూడో తరానికి దావాలుగా మిగులుతాయి.

మధ్యాహ్నం ఆ వీధికి వెళ్లాను. వెరెష్ పాల్నే వీధి. పక్కనే సెర్బ్ వీధి, అందులో సెయింట్ జార్జి చర్చి. మా ఇంటి నుంచి ట్రాములో దగ్గరే.

మార్చి 19

ఇది రాయడం ఇష్టం లేదు. రాయకపోతే ఈ పుటలన్నీ అబద్ధమవుతాయి.

1823లో జర్మనీలోని హాలెలో ఒక చిన్న పుస్తకం వచ్చింది. వ్లాహులు, అంటే రొమేనియన్లు, రోమన్ల సంతతి కాదు అని నిరూపించబూనిన పుస్తకం. రాసింది తెకెలియా. 1827లో బూదాలో సెర్బు భాషలోకి కూడా వచ్చింది.

ఆ సమయం చూడాలి. రొమేనియన్లు అప్పుడప్పుడే తమ చరిత్ర తాము రాసుకుంటున్నారు. మేం రోమన్ల బిడ్డలం అన్న పేత్రు మయోర్ గ్రంథం 1812లో బూదాలో అచ్చయింది. అదే ఏడాది అరాద్‌లో రొమేనియన్ ఉపాధ్యాయ శిక్షణ పాఠశాల తెరిచారు. అరాద్ బిషప్ పీఠంలో జనం ఎక్కువమంది రొమేనియన్లే. బిషప్పులు మాత్రం సెర్బులు. మాకు మా భాష తెలిసిన బిషప్ కావాలని అడుగుతున్నారు. 1829లో గాని ఆ కోరిక తీరలేదు. అటువంటి రోజుల్లో, వాళ్ల ఊరి దొర, వాళ్ల చర్చిలో పెత్తనం ఉన్న జాతివాడు, ‘మీ పూర్వీకులు మీరనుకున్నవాళ్లు కారు’ అని పుస్తకం రాశాడు. ఎంత పాండిత్యం చూపించినా అది పైనున్నవాడు కిందివాడి నోరు మూయించడమే.

జవాబిచ్చినవాడు దమస్కిన్ బోజింకా. న్యాయశాస్త్రం చదువుకుంటున్న బనాత్ కుర్రాడు. 1827లో పెష్ట్‌లోనే లాటిన్‌లో పుస్తకం వేశాడు. సెర్బుల మొదటి న్యాయశాస్త్ర డాక్టరుకు ఒక రొమేనియన్ న్యాయ విద్యార్థి ఎదురు నిలవడం నాకు చాలా బాగుంది.

మా అమ్మాయితో పనిచేసే ఒకావిడ అరాద్ వాళ్లే, రొమేనియన్. తెకెలియా పేరు చెబితే, “మా ఊరి చర్చి కట్టినవాళ్ల పేరు గదా” అంది మర్యాదగా. పుస్తకం సంగతి చెప్పాను. ఆవిడకు తెలుసు. “బడిలో చెప్పారు” అని ఊరుకుంది. రెండు వందల ఏళ్ల తరవాత కూడా ఒక ఊరి పిల్లలకు బడిలో చెప్పాల్సిన గాయం అది.

తెమిష్వార్‌లో ‘అందరితో సమంగా’ అన్నవాడు ఇతనే. తన జాతి కోసం అడిగిన సమానత్వం పొరుగు జాతి అడిగితే ఓర్వలేకపోయాడు. ఈ మచ్చ ఆయన మీద ఉండాలి. చెరిపే పని నేను చేయను.

మార్చి 26, అరాద్

రైల్లో వచ్చాం, అమ్మాయీ నేనూ. చదును నేల, కనుచూపు మేర. సరిహద్దు సిపాయిల భూములు ఇవే.

పీటర్-పాల్ చర్చి ఊరి నడిబొడ్డుకు కాస్త ఎడంగా ఉంది. తెకెలియాల సమాధి ఇక్కడే. సావా 1842 అక్టోబరు 7న ఈ ఊళ్లోనే చనిపోయాడు. వయసు ఎనభై ఒకటి. లోపల ప్రార్థన జరుగుతోంది, ఉన్నవాళ్లు కొద్దిమందే. సెర్బు పెద్దావిడ ఒకరు మాకు చోటిచ్చి నిలబడ్డారు. ఒకప్పుడు ఈ నది ఒడ్డున సగం ఊరు వాళ్లదే. ఇప్పుడు ఈ చుట్టుపక్కల సెర్బులు చాలా తక్కువ. రష్యా వెళ్లిపోయినవాళ్లూ కలిసిపోయారు, ఇక్కడ ఉండిపోయినవాళ్లూ తగ్గిపోయారు. తెకెలియా తన డబ్బును అరాద్‌లో కాక పెష్ట్‌లో ఎందుకు పెట్టాడో ఇక్కడ నిలబడితే అర్థమవుతుంది. విశ్వవిద్యాలయం ఉన్నచోట పెట్టాడు. చదువుకున్న కుర్రాడు ఎక్కడికి వెళ్తే తన జాతి అక్కడికి వెళ్తుందని లెక్క వేసుకున్నాడు.

ఏప్రిల్ 2

తెకెలియా చనిపోయిన ఆరేళ్లకు, 1848 మేలో, సెర్బులు కార్లోవ్‌ట్సీలో సభ చేసి ‘వొయివొదినా’ అనే తమ ప్రత్యేక ప్రాంతాన్ని ప్రకటించారు. 1790లో అడిగి దొరకనిదాన్ని ఈసారి ఆయుధాలతో తీసుకున్నారు. హంగరీతో భయంకరమైన యుద్ధం. బనాత్, బాచ్కా ఊళ్లు రెండు వైపులా తగలబడ్డాయి. చక్రవర్తి పక్షాన నిలిచినందుకు 1849 నవంబరులో వియన్నా వాళ్లకు ప్రాంతం ఇచ్చింది: ‘సెర్బియా వొయివొదినా, తెమిష్వార్ బనాత్’. రాజధాని తెమిష్వార్. గవర్నరు ఆస్ట్రియా జనరల్. పరిపాలన జర్మన్ భాషలో. జనం పద్నాలుగు లక్షల పైచిలుకు, అందులో సెర్బులు సుమారు మూడు లక్షల ఇరవై వేలు. రొమేనియన్లు వాళ్లకన్నా ఎక్కువ, జర్మన్లూ కాస్త ఎక్కువే. 1860 డిసెంబరులో చక్రవర్తి ఒక్క సంతకంతో రద్దు చేశాడు.

ఒక రాజు ఇస్తాడు, మరో రాజు లాక్కుంటాడు అన్నది తెకెలియా భయం. ఇక్కడ ఇచ్చినవాడూ లాక్కున్నవాడూ ఒకే రాజు, ఫ్రాంజ్ జోసెఫ్.

అయినా నేను సిపాయి వైపు మాట కూడా మర్చిపోను. అదే 1848లో వెట్టి పోయింది. రైతు మొదటిసారి తన పేరుతో రాజకీయంలోకి వచ్చాడు. తెకెలియా లోకంలో వాడికి ఆ చోటు లేదు.

ఏప్రిల్ 9

వూక్ కరాజిచ్ సంగతి ఒకటి మిగిలింది. పల్లె జనం మాట్లాడే భాషనే సెర్బుల రాతభాష చేయాలన్నాడు వూక్. లిపిని మార్చాడు, పాటలు సేకరించాడు, నిఘంటువు వేశాడు. తెకెలియా ఒప్పుకోలేదు. చర్చి భాష కలిసిన పాత రాతే ఉండాలన్నాడు. మాతిత్సా కూడా చాలాకాలం ఆ పక్షమే. ఇక్కడా ఆయనకు రైతు కనబడలేదు. రైతు నోట్లో ఒక జాతి భాష ఉంటుందని నమ్మలేకపోయాడు.

ఇప్పుడు తెకెలియానుమ్‌లో ఎవరు చదివారో చూద్దాం. లాజా కోస్తిచ్ పెష్ట్‌లో న్యాయశాస్త్రం చదివింది ఈ ధర్మం మీదే. తరవాత సెర్బు కవిత్వానికి కొత్త గొంతు తెచ్చాడు, షేక్స్‌పియర్‌ను అనువదించాడు. 1863లో ఆ వసతిగృహానికి పర్యవేక్షకుడిగా వచ్చినవాడు యోవాన్ యోవనోవిచ్. ఆ ఉద్యోగం చేస్తూనే ఇక్కడ వైద్యం చదివాడు, 1864లో ‘జ్మాయ్’ అనే హాస్య పత్రిక పెట్టాడు. ఆ పత్రిక పేరే ఆయన పేరయింది. సెర్బు పిల్లలు ఇవాళ్టికీ మొదట నేర్చుకునే పద్యాలు జ్మాయ్ రాసినవి. ఆ పద్యాలున్నది వూక్ భాషలో, రైతు భాషలో.

తెకెలియా ఏ భాషను కాదన్నాడో ఆ భాష కవులకు తన ఇంట్లో అన్నం పెట్టాడు. కావాలని పెట్టలేదు. కాని ఆ ధర్మపత్రంలో ఫలానా భాషలో రాసేవాడికే, ఫలానా అభిప్రాయం ఉన్నవాడికే అనలేదు. మతం, జాతి, బీదతనం, చదువు చూశాడు. ఏం ఆలోచించాలో విద్యార్థికి వదిలేశాడు. పెద్ద అభిప్రాయాలున్న మనిషికి అది తేలిక కాదు.

మాతిత్సా 1864లో నోవీ సాద్‌కు తరలిపోయింది. తెకెలియానుమ్ పెష్ట్‌లోనే ఉండి మొదటి ప్రపంచ యుద్ధం దాకా సెర్బు వైద్యులను, వకీళ్లను, ఇంజనీర్లను పంపుతూ వచ్చింది. ఆయన వాదాల్లో సగం చరిత్ర కొట్టేసింది, ఒక పుస్తకాన్ని నేను కూడా కొట్టేస్తున్నాను. ఆ ఇల్లు ఒక్కటి చాలు, సావా తెకెలియా తన జాతికి అప్పు లేడు.